బదిలీ ఉత్తర్వు: టీకా తాత్పర్య సహితము

మూలము: పరిపాలనా సౌలభ్యం దృష్ట్యా సీనియర్ అసిస్టెంటు శ్రీ ఫలానా వారిని తక్షణం ఫలానా కార్యాలయానికి బదిలీ చేయడమైనది. వీరు వెంటనే రిలీవై కొత్త స్థానంలో చేరవలెను.

ప్రతిపదార్థము: పరిపాలనా సౌలభ్యం దృష్ట్యా = కారణం చెప్పే పని లేదు గనుక; శ్రీ ఫలానా వారిని = నిన్నటిదాకా ఈ సీటు తనదే అనుకున్నవానిని; తక్షణం = స్టే రాకమునుపే; రిలీవై = చార్జి అప్పగించినా మానినా అప్పగించినట్లే అయి; చేరవలెను = ముందు చేరి పిమ్మట వాదించవలెను. ఈ చివరి అర్థం వ్యాఖ్యాత కల్పన కాదు. విజ్ఞప్తి పెట్టుకున్నంత మాత్రాన, ఉత్తర్వు రద్దో నిలుపుదలో కానంతవరకు, కొత్త చోట చేరకుండా ఉండే హక్కు ఉద్యోగికి లేదని గుజరాత్ విద్యుత్ బోర్డు కేసులో 1989లోనే సుప్రీంకోర్టు తేల్చింది.

టీక: ఇచట ‘సౌలభ్యం’ ఎవరిది అని శంక. ఉద్యోగిది మాత్రం కాదని అబ్బాస్ కేసు (1993) ప్రమాణం. షిల్లాంగ్ నుంచి పౌడీకి బదిలీ అయిన ఆ ఉద్యోగి భార్య కొలువు, పిల్లల చదువు, తన వెన్నెముక గాయం అన్నీ ఏకరువు పెట్టాడు. భార్యాభర్తలను వీలైనంతవరకు ఒకేచోట ఉంచాలనే ప్రభుత్వ మార్గదర్శకమూ చూపాడు. మార్గదర్శకం చట్టం కాదు, దాని ఆధారంగా హక్కు అడగరాదు అన్నది తీర్పు. పోనీ, సౌలభ్యం ప్రజలదా? శిల్పీ బోస్ కేసు (1991) చూడండి. బిహార్‌లో కొందరు ఉపాధ్యాయినులు భర్తలున్న చోటికి వెళ్తామని అడిగి బదిలీ చేయించుకున్నారు. వారి రాకతో స్థానభ్రంశమైనవారు కోర్టుకెక్కి హైకోర్టులో గెలిచి సుప్రీంకోర్టులో ఓడారు. తప్పనిసరి నిబంధనను ఉల్లంఘిస్తేనో, దురుద్దేశం రుజువైతేనో తప్ప కోర్టు జోక్యం కూడదని అక్కడ స్థిరపడిన సూత్రం. ఈ రెంటినీ కలిపి అన్వయిస్తే తేలేదేమనగా, ఆలుమగల కాపురం అధికారి తలచుకుంటే బదిలీకి కారణమవుతుంది, ఉద్యోగి మొరపెట్టుకుంటే బదిలీకి అడ్డు కాదు.

పూర్వపక్షము: ప్రతి బదిలీనీ కోర్టు తూకం వేయబోతే ప్రభుత్వ యంత్రాంగం ఆగిపోదా? బదిలీకి లోబడిన కొలువని తెలిసే కదా చేరింది? ఈ వాదంలో బలముంది. ఎవరిని ఏ సీటులో కూర్చోబెట్టాలో నిర్ణయించడం న్యాయమూర్తి పని కాదు. కోర్టులు వెనక్కి తగ్గడం తప్పని ఈ టీక అనదు. అయితే దురుద్దేశం రుజువు చేయాల్సిన భారం ఉద్యోగిది. ఆరోపణ ఎవరి మీదో వారిని పేరుపెట్టి ప్రతివాదిగా చేర్చాలి. రుజువేమో ఫైలులో ఉంటుంది. ఫైలు ఆ అధికారి బీరువాలో ఉంటుంది. సోమేశ్ తివారీ కేసు (2009)లో ఉద్యోగి గెలిచాడంటే, బదిలీ వెనక ఉన్న ఆకాశరామన్న ఉత్తరం కోర్టు ముందుకొచ్చింది గనుకనే. శిక్షకు బదులుగా వేసిన బదిలీ చెల్లదని కోర్టు కొట్టేసింది. అనగా ఉద్యోగి గెలుపు అతని కష్టాన్ని బట్టి కాక, దొరికిన కాగితాన్ని బట్టి ఉంటుంది. ఏమీ రాయని అధికారే అందరికన్నా క్షేమం.

సిద్ధాంతము: కోర్టు తగ్గినంత మేర కలం ముందుకు రావాలి. బదిలీ ఎందుకో ఉత్తర్వులో చాటనక్కరలేదు. ఫైలులో రెండు వాక్యాలు, సంతకం, తేదీ చాలు. కారణం రాస్తే దాన్ని పట్టుకుని వ్యాజ్యాలు పెరుగుతాయంటారా? నిజమైన కారణం రాసి ఉంటే పిటిషన్ తొలి వాయిదాలోనే వీగిపోతుంది. పెరిగేవి కారణం లేని బదిలీల మీది వ్యాజ్యాలే. ఇది కొత్త కోరికా కాదు. సుబ్రమణియన్ కేసు (2013)లో సివిల్ అధికారులకు కనీస పదవీకాలం ఉండాలనీ, సివిల్ సర్వీసెస్ బోర్డు మాటను కాదనే పాలకులు కారణాలు రాసిపెట్టాలనీ సుప్రీంకోర్టు ఆదేశించింది. పెద్ద అధికారికి తగిన నియమం సీనియర్ అసిస్టెంటుకు తగదనడానికి హేతువు లేదు.

తాత్పర్యము: బదిలీ చేసే అధికారం ప్రభుత్వానిదే; దాన్ని ఎవరూ కాదనరు. కాని కారణం రాయని బదిలీని పరిపాలన అనరాదు.