తిండి నడకకు ఎదురు సలహాలు

గైడు వెంట నడుస్తూ, బండి బండి దగ్గరా ఆగి తినే అలవాటు మన హైదరాబాదుకు బాగానే పట్టింది. 1591 నాటి చార్మినార్ చుట్టూ నిహారీ, పాయా, ఉస్మానియా బిస్కెట్టు, ఇరానీ చాయ్, రంజాన్ నెలలో హలీం. ఆ హలీంకు 2010లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. 2019లో యునెస్కో హైదరాబాదును ఆహార కళల నగరంగా తన జాబితాలో చేర్చింది. అక్కడ నడిచేవాళ్లకు సలహాలకు కొదవ లేదు. కడుపు ఖాళీగా రమ్మంటారు, చీకటి పడ్డాక రమ్మంటారు, పేరున్న చోటే తినమంటారు, కొంచెం కొంచెంగా పది రుచులు చూడమంటారు.

వికారాబాద్, తాండూరుల్లో నడవాలనుకునేవాళ్లకు నేను చెప్పేవి వీటికి పూర్తిగా ఎదురు. వినగానే తప్పుడు సలహాలు అనిపించవచ్చు. అయినా గట్టిగా చెబుతున్నాను. నగరంలో పళ్లెంలోకి వచ్చి కూర్చున్న తిండి ఈ రెండు ఊళ్ల దగ్గర ఇంకా చేనులో, మిల్లులో, అంగట్లో ఉంటుంది. తిండి నడక అంటే తిండి వచ్చిన దారిన వెనక్కి నడవడం.

1. చార్మినార్‌కు వీపు పెట్టి రైలెక్కండి

సికింద్రాబాద్‌ను వాడి జంక్షన్‌తో కలిపే రైలు మార్గం నిజాం ఏలుబడిలో 1874లో మొదలైంది. వాడి దగ్గర అది బొంబాయి లైనును అందుకుంటుంది. ఆ దారిలో హైదరాబాదుకు పడమటగా సుమారు 70 కిలోమీటర్ల దూరాన వికారాబాద్, అక్కడికి మరో 40 కిలోమీటర్ల దూరాన తాండూరు ఉన్నాయి. వికారాబాద్ జంక్షన్ దగ్గరే బీదర్ మీదుగా పర్లీ వైజనాథ్ పోయే లైను చీలుతుంది.

కారు ఇంటి దగ్గరే వదిలి రండి. కిటికీ పక్క సీటు దొరికితే కళ్లు తెరుచుకుని కూర్చోండి. వికారాబాద్ చుట్టుపక్కల ఎర్రగా ఉన్న నేల తాండూరు చేరేసరికి నల్లరేగడి అవుతుంది. దాని అడుగున నాపరాయి. ఈ నేల చూడకుండా దిగినవాడికి తాండూరు రుచి సగమే అర్థమవుతుంది.

2. తిని బయల్దేరండి

ఖాళీ కడుపుతో వచ్చినవాడు స్టేషన్ బయట మొదటి బండి దగ్గరే చిక్కుకుంటాడు. మూకుడులో మిర్చి వేగుతుంటే ఆ వాసనకు కాళ్లు కదలవు. నాలుగు మిర్చీలు, రెండు సమోసాలు, ఒక చాయ్ అయ్యాక నడక మీది మనసు పోతుంది, నీడ ఎక్కడుందా అని వెతుకులాట మొదలవుతుంది. పెద్దవాళ్లకు, షుగర్ ఉన్నవాళ్లకు ఆకలి మీద ఇంత నూనె తినడం మంచిది కూడా కాదు.

ఇంట్లో రెండు ఇడ్లీలో, ఇంత ఉప్మానో తిని రండి. ఆకలి తీరిన మనిషి చూడగలడు, అడగగలడు, వినగలడు. తినడానికి మధ్యాహ్నం ఉంది.

3. దీపాలు వెలిగే వేళ దాకా ఆగకండి

సాయంత్రం బజారు అందంగానే ఉంటుంది. అప్పటికి పనంతా అయిపోయి ఉంటుంది. పొద్దుగాల పోండి. ఊళ్ల నుంచి ఆకుకూరల మూటలు ఆటోల్లో దిగేది అప్పుడే. పాల క్యాన్లు వచ్చేది, హోటళ్ల వెనక ఉల్లిగడ్డలు కోసేది, పొయ్యి రాజేసేది అప్పుడే. వారపు అంగడి ఏ రోజో ముందే కనుక్కుని ఆ రోజుకే ప్రయాణం పెట్టుకోండి. గంప దించిన పెద్దమ్మ ముందు కూర్చుని పుంటికూర, తోటకూర, మెంతికూర కట్టలు తిప్పి చూడండి. మధ్యాహ్నం మీ పళ్లెంలోకి వచ్చేది వాటిలో ఏదో ఒకటి.

4. తినే ముందు, తినడానికి ఏమీ దొరకని చోట గంటసేపు గడపండి

నా సలహాల్లో ఇదే ముఖ్యం. తాండూరు మార్కెట్ యార్డుకు పోండి. వీలైతే, అడిగి, ఒక పప్పు మిల్లులోకి పోండి.

తాండూరు కందికి 2022 డిసెంబరులో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఈ నేలలోని అట్టపల్గైట్ అనే బంకమట్టి ఖనిజాన్ని ఆ పంట ప్రత్యేకతకు ఒక కారణంగా చెబుతారు. కంది వాన మీద ఆధారపడి పండుతుంది. జూన్, జూలైల్లో విత్తితే చలికాలంలో చేతికొస్తుంది. అంటే మీరు పది నిమిషాల్లో తినేసే పప్పు వెనక అర్ధ సంవత్సరం పాటు మబ్బుకేసి చూసిన రైతు ఉన్నాడు.

మిల్లులో కందులను జల్లించి రాళ్లు ఏరతారు. గింజ పై పొట్టు గట్టిగా అంటుకుని ఉంటుంది కాబట్టి మొదట గరుకు రోలర్ల మీద గీసి, కొద్దిగా నూనె పట్టించి, ఎండబెట్టి, అప్పుడు పొట్టు తీసి బద్దలు చేస్తారు. పొట్టూ నూకా పశువుల దాణాకు పోతాయి. చేనులో మిగిలిన కందికట్టె పొయ్యిలోకి వస్తుంది. ఈ పంటలో పారేసేది దాదాపు ఏమీ లేదు.

అక్కడి దుమ్ముకు తుమ్ములు వస్తాయి, ముక్కుకు రుమాలు కట్టుకోండి. మిల్లు నడిచేటప్పుడు యంత్రాల దగ్గరికి పిల్లల్ని తీసుకుపోకండి. బయటికొచ్చాక చేతిలో నాలుగు పచ్చి పప్పు బద్దలు వేసుకుని నమిలి చూడండి. రోజంతా మీరు తినబోయేదానికి అది మొదటి ముద్ద.

5. వంట తెలిసిన గైడును వెతకకండి

ఇది చాలామందికి నచ్చని సలహా. తిండి నడకకు తిండి తెలిసినవాడు వద్దా అంటారు. నా మాట వినండి. యార్డులో బస్తాలు మోసిన హమాలీని, విత్తనాల దుకాణంలో ఏళ్లు గడిపిన గుమస్తాను, రిటైరైన రైల్వే మనిషిని, ఊరి బడిలో పాఠాలు చెప్పిన సారును అడగండి. హమాలీకి ఏ ఏడు పంట ఎట్లా వచ్చిందో భుజానికి తెలుసు. రైల్వే మనిషికి ఏ సరుకు ఎటు పోయిందో తెలుసు. మసాలా పాళ్లు వంటవాళ్లే చెబుతారు, వాళ్లు ఎట్లాగూ ఎదురుగా ఉంటారు.

ఆ మనిషికి సగం రోజు కూలి కన్నా ఎక్కువే ముందుగా మాట్లాడుకుని ఇవ్వండి. మీతోపాటు కూర్చోబెట్టుకుని తినిపించండి. "కాకా, ఇక్కడ మీరేం తింటరు?" అని అడిగి, అదే మీరూ తినండి.

6. ఫేమస్ హోటల్ ఎక్కడని అడగకండి

అడిగితే అందరూ ఒకటే చూపిస్తారు. అక్కడ మీలాంటి కొత్తవాళ్లే ఉంటారు. దాని బదులు ఈ ప్రశ్న అడగండి: "పొద్దటి సంది బండలు కోసినోళ్లు పగటీలి యాడ తింటరు?" తాండూరు నాపరాళ్లు దేశమంతా ఇళ్లలో పరుచుకున్నాయి. వాటిని కోసి, నునుపు పట్టే పని ఒళ్లు విరిచే పని. అట్లాంటి పని చేసినవాళ్లు రుచిలేని చోట, కడుపు నిండని చోట రెండోసారి తినరు.

శుభ్రత విషయంలో మెరిసే గోడలు చూసి మోసపోకండి. పొయ్యి మీది నుంచి నేరుగా పళ్లెంలోకి వచ్చేది, పొగలు వచ్చేది తినండి. కోసి పెట్టిన పండ్లు, పొద్దటి నుంచి తెరిచి ఉన్న చట్నీ వదిలేయండి. నీళ్ల సీసా మీది మీరే తెచ్చుకోండి.

7. పది రుచులు చూడకండి, రెండే తినండి

ఒకటి జొన్నరొట్టె, రెండు పప్పు. ఈ రెండూ తినకుండా ఇంకేం తిన్నా తాండూరు తిన్నట్టు కాదు.

తాండూరు దాటితే కర్ణాటక. బషీరాబాద్, నవాంద్గి తర్వాత రైలు సేడం వైపు సాగిపోతుంది. బజారులో తెలుగు, ఉర్దూ, కన్నడం మూడూ వినిపిస్తాయి. మాట ఏదైనా రొట్టె ఒకటే. ఇటు తాండూరు నుంచి అటు కలబురగి దాకా జొన్నరొట్టె ఏలిన నేల ఇది.

రొట్టె చేసే అక్క ముందు నిలబడి చూడండి. జొన్నపిండిలో గోధుమకుండే జిగురు ఉండదు. అందుకే మరిగే నీళ్లు పోసి, వేడి మీదనే పిసికి, చేతి మడమతో రుద్ది రుద్ది మెత్తబరుస్తారు. పొడిపిండి చల్లుకుని అరచేత్తో తడుతూ తిప్పుతుంటే ముద్ద గుండ్రంగా పరుచుకుంటుంది. పెనం మీద వేశాక పైన తడిచేత్తో నీళ్లు పూస్తారు. ఆ తడి ఆరాక తిప్పేస్తారు. చివరికి మంట తగిలితే రొట్టె పొంగుతుంది. చేతికి అలవాటు పట్టడానికి ఏళ్లు పడుతుంది, చూసి వెంటనే వచ్చేసే పని కాదు.

దాంతో పుంటికూర పప్పు, లేదంటే వంకాయ, ఇంత పల్లీల కారం, పక్కన పచ్చి ఉల్లిగడ్డ. రొట్టె వేడిగా ఉన్నప్పుడే తుంచి తినండి, చల్లారితే గట్టిపడుతుంది. రెండు రొట్టెలు కడుపు నిండా తినండి. ఇంకో ఎనిమిది రుచులు మిగిలిపోయాయని బాధపడకండి, రైలు రేపు కూడా ఉంది.

8. ఏడాదంతా దొరికేదాన్ని వదిలేయండి

మిర్చి, సమోసా, నూడుల్స్ ఎప్పుడొచ్చినా ఉంటాయి. ఏ నెలలో వస్తే ఆ నెలదే అడగండి. వానాకాలంలో వికారాబాద్ రోడ్ల పక్కన నిప్పుల మీద కాల్చే మక్క కంకులు. దసరా ముందూ వెనకా సీతాఫలాల గంపలు. చలికాలంలో ఉప్పేసి ఉడకబెట్టిన పచ్చి కందికాయలు, చెట్టుతో పాటే అమ్మే పచ్చి శనగ, ఎవరైనా చేను గట్టున కాల్చి నలిచి పెడితే జొన్న ఊచబియ్యం. ఎండాకాలంలో అంబలి, తాటి ముంజలు.

ఒకటే కాలం ఎంచుకోమంటే డిసెంబరు, జనవరి అంటాను. ఉడికిన కందికాయ గోటితో చీల్చి, లోపలి పచ్చి గింజను నోట్లో వేసుకుంటే, మిల్లులో నమిలిన పప్పు బద్దకు ముందటి రుచి తెలుస్తుంది.

పండుగలకూ రావచ్చు. రంజాన్ ఏటా పది పదకొండు రోజులు ముందుకు జరుగుతుంది కాబట్టి క్యాలెండరు చూసుకోండి. తాండూరులో భద్రేశ్వర స్వామి జాతర, అనంతగిరిలో అనంత పద్మనాభ స్వామి కార్తీక జాతర జరిగేటప్పుడు పేలాలు, బొరుగులు, మిఠాయి అంగళ్లు ఊరిని నింపేస్తాయి.

9. అనంతగిరి గుట్ట మీద తినకండి

వికారాబాద్ వచ్చే కార్లన్నీ అనంతగిరికే పోతాయి, అందరి చేతుల్లో బిర్యానీ పొట్లాలే. మీరు మాత్రం అక్కడికి ఖాళీ చేతులతో పోండి. చార్మినార్‌కు కొద్ది దూరంలో పారే మూసీ పుట్టేది ఈ గుట్టల్లోనే. ఇక్కడే పుట్టిన కాగ్నా తాండూరు పక్కగా పోయి, కర్ణాటకలో భీమా నదిలో కలుస్తుంది. నగరానికీ, తాండూరుకూ నీళ్లు పంపిన చోట ప్లాస్టిక్ ప్లేటు పారేయడం తప్పు. గుట్ట ఎక్కండి, నీళ్లు తాగండి, దిగి వచ్చి ఊళ్లో తినండి. ఊళ్లో తింటే ఆ డబ్బు బండి నడిపేవాళ్లకు చేరుతుంది.

10. అడిగినదానికన్నా ఎక్కువ ఇవ్వండి

బేరం ఆడటం తెలివి అని మనకు నేర్పారు. వీధి తిండి దగ్గర ఆ తెలివి చూపకండి. ఉడికించిన కందికాయలు పొట్లం కట్టి ఇచ్చే ఆమె దగ్గర ఐదు రూపాయలు తగ్గించుకుంటే మీకు కలిసొచ్చేది లేదు, ఆమెకు పోయేది ఉంది. వీధి వ్యాపారుల బతుకుతెరువు కాపాడటానికి 2014లో పార్లమెంటు చట్టమే చేసింది. ఊరి వ్యాపార కమిటీల్లో కనీసం 40 శాతం మంది వాళ్లే ఉండాలని అందులో రాసింది. చట్టం వాళ్లను వ్యాపారులుగా గుర్తించింది. మనమూ గుర్తించాలి.

నలుగురికి మించి గుంపుగా పోకండి. పదిమంది ఒక బండిని చుట్టుముడితే రోజూ వచ్చే ఆటో తమ్ముడు పస్తుతో పోతాడు. రద్దీ ఉన్నప్పుడు పక్కకు జరిగి అతనికి దారి ఇవ్వండి. ఫొటో కావాలంటే ముందు తినండి, డబ్బులిచ్చేయండి, అప్పుడు "అక్కా, ఒక ఫొటో తీసుకోనా?" అని అడగండి. వద్దంటే ఫోను జేబులో పెట్టుకోండి.

చివరగా ఒక మాట, ఇది వికారాబాద్, తాండూరు డిగ్రీ కాలేజీల్లో చదివే పిల్లలకు. మీ జిల్లా 2016లో ఏర్పడింది. మీ కందికి దేశం గుర్తింపు ఇచ్చింది. మీ బజారు మూడు భాషలు మాట్లాడుతుంది. హైదరాబాద్ నుంచి వచ్చేవాళ్లను అనంతగిరి వ్యూ పాయింటు దగ్గర వదిలేయకండి. ఒక ఆదివారం పొద్దున్నే నలుగురిని స్టేషన్ దగ్గర కలుసుకుని యార్డు, మిల్లు, రొట్టెలు చేసే అక్క పొయ్యి దాకా నడిపించండి. మీ నాయన పండించినదాని గురించి మీకన్నా బాగా చెప్పే గైడు ఎక్కడా దొరకడు. ఈ చలికాలం, కంది కోతలకే మొదలుపెట్టండి.