గోడకు తగిలించిన లక్ష

"మిద్దె మీద సోలార్ ప్యానెళ్లు పెట్టించారు కదా, గోడకు లిథియం బ్యాటరీ కూడా తగిలించండి సార్, కరెంటు బిల్లే ఉండదు!" అంటాడు సేల్స్ కుర్రాడు. నిజమే. బిల్లు ఉండదు, వాయిదాలుంటాయి.

5 యూనిట్లు పట్టే బ్యాటరీ లక్ష రూపాయలనుకోండి. యూనిట్ 7 రూపాయల చొప్పున, రోజూ నింపి ఖాళీ చేసినా మిగిలేది 35 రూపాయలు. ఏడాదికి 12,775. అసలు రాబట్టడానికే దాదాపు 8 ఏళ్లు. వడ్డీ ఊసు ఎవరూ ఎత్తరు. పైగా నెట్ మీటరింగ్ ఉన్న ఇంట్లో పగలు గ్రిడ్‌కిచ్చిన యూనిట్ రాత్రి వాడిన యూనిట్‌కి చెల్లు. అంటే ఊరంత బ్యాటరీ ఊరికే ఉందన్నమాట! సొంత బ్యాటరీ అయితే నింపేటప్పుడూ తీసేటప్పుడూ కొంత కరెంటు తానే మింగుతుంది. అప్పుడు ఆదా సున్నా కాదు, సున్నాకు దిగువ.

ఇళ్ల మీది సోలార్‌కు కేంద్రం సూర్యఘర్ పథకంలో 78,000 రూపాయల దాకా ఇచ్చే సబ్సిడీ ప్యానెళ్ల కిలోవాట్లను బట్టే. బ్యాటరీ పెట్టినందుకు అది పైసా పెరగదు. ఈ ముక్క కొటేషన్‌లో కనబడితే ఒట్టు.

కరెంటు పోతే బ్యాటరీ లేని మామూలు గ్రిడ్ సోలార్ కూడా ఆగిపోతుంది. గంటల తరబడి కోతలున్న ఊరైతే బ్యాటరీ కొనుక్కోండి. బిల్లు తగ్గించుకోవడానికే అయితే ఆ లక్ష బ్యాంకులో వేసుకోండి.