హాజరు లేనోడికి హైకోర్టే దిక్కు

పొందూరులో పొద్దున్నే కాలేజీ బస్సెక్కి దారిలోనే దిగిపోయే కుర్రాళ్ల సౌకర్యార్థం ఈ నాలుగు ముక్కలు.

ముందు లెక్క తెలుసుకో నాయనా, తెలుసుకుని మర్చిపో. జేఎన్‌టీయూ గురజాడ కింది ఇంజినీరింగు కాలేజీల్లో పరీక్షకు కూర్చోవాలంటే అన్ని సబ్జెక్టులూ కలిపి 75 శాతం హాజరుండాలి. 65కీ 75కీ మధ్య ఉంటే సరైన కారణం చూపి, రుసుము కట్టి కండోనేషన్ అడగొచ్చు. 65 కూడా లేకపోతే ఆ దారీ లేదు, సెమిస్టరు మళ్లీ చదవాల్సిందే. నీకు 68 ఉందనుకో. ఫారం నింపితే పని అక్కడితో తెమిలిపోతుంది. తెమిలిపోతే మజా ఏముంది? నోటీసుబోర్డు మీద షార్టేజీ జాబితా అంటిస్తే అటు చూడకు. కాలేజీ నుంచి నాన్న ఫోనుకొచ్చే మెసేజీలు నువ్వే చెరిపెయ్. 68 కాస్తా 61 అయ్యాక కదులు.

కారణం గట్టిగా ఉండాలి. జబ్బంటే పచ్చకామెర్లే మేలు, వారాల తరబడి లాగొచ్చు. సర్టిఫికెట్టు మీద తేదీలు మాత్రం చూసుకోకు. పైడితల్లమ్మ తొలేళ్లు సోమవారం, సిరిమాను మంగళవారం. ఆ రెండు రోజులూ మంచం దిగలేదని రాయించుకుని, మూడులాంతర్ల దగ్గర జనంలో మిరపకాయ బజ్జీ కొరుకుతూ దిగిన ఫొటో ఇన్‌స్టాలో అలాగే ఉంచు. అవతలి వకీలుకీ కాస్త పని ఉండాలి కదా.

ప్రిన్సిపాలుకి ఒక్క అర్జీ కూడా పెట్టకు. పెడితే జవాబొస్తుంది, జవాబొస్తే గొడవ చల్లారిపోయే ప్రమాదముంది. హాల్ టికెట్లు ఇచ్చేదాకా ఆగి, పరీక్షలు ముంచుకొచ్చాక ఆమదాలవలసలో రాత్రి బండెక్కు. హైకోర్టు 2019 నుంచి అమరావతిలో, నేలపాడు దగ్గరుంది. మనకి 400 కిలోమీటర్ల పైమాటే. రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్ వేసి లంచ్ మోషన్ అడగమని వకీలుకి చెప్పు. “ఇన్నాళ్లూ ఏం చేశారు?” అని జడ్జిగారు అడుగుతారు. వకీలు నీవైపు చూస్తాడు, నువ్వు సీలింగు వైపు చూడు.

ఖర్చంటావా? అమ్మ వాలుగ చేప దవడతో పత్తి ఏకి, రాట్నం మీద సన్నగా వడికి, ఆ చిలపలు ఖాదీ సంఘంలో ఇచ్చి తెచ్చిన డబ్బుంది కదా. “ఏటి బాబూ, పరీచ్చ ఫీజు ఇంతయ్యిందేటి?” అంటే, “రూల్సు మారాయమ్మా” అను.

ఢిల్లీ హైకోర్టు 2025 నవంబరు 3న ఇచ్చిన తీర్పు జిరాక్సు తప్పక జతచెయ్. హాజరు చాలలేదని న్యాయ విద్యార్థుల్ని పరీక్షకు ఆపకూడదని అందులో ఉంది. ‘న్యాయ’ అన్నచోట వేలు అడ్డం పెట్టు. నువ్వు చదివేది మెకానికల్ అని ఎవరు పట్టించుకుంటారు? మిగతా పేజీలు తిరగెయ్యకు. ఆ కేసు వెనక 2016లో ప్రాణం తీసుకున్న ఒక విద్యార్థి ఉన్నాడు. అది చదివితే, నువ్వు క్లాసులు ఎగ్గొట్టింది మ్యాట్నీలకని గుర్తొచ్చి సంతకం పెట్టేటప్పుడు చెయ్యి వణుకుతుంది.

మధ్యంతర ఉత్తర్వు దొరికిందా, పండగే. పరీక్ష రాయనిస్తారు, ఫలితం మాత్రం తుది తీర్పుదాకా ఆపుతారు. రాసినంత మాత్రాన హక్కేమీ రాదని అందులోనే ఉంటుంది. అంతదాకా చదవకుండా వాట్సాప్ గ్రూపులో “గెలిచాం” అని పెట్టెయ్.

రిట్ కొట్టేస్తే కంగారుపడకు, ఇద్దరు జడ్జీల బెంచికి అప్పీలుంది. ఈలోగా జూనియర్లతో కలిసి అదే సెమిస్టరు మళ్లీ మొదలవుతుంది, 75 శాతమూ మళ్లీ మొదలే. సరిగ్గా మొదటివారంలోనే అప్పీలు లిస్టులోకొచ్చిందనుకో, నువ్వు రానక్కర్లేదు, క్లాసుకెళ్లు అంటాడు వకీలు. వినకు. రాత్రి బండికి టికెట్టు తీసెయ్.