కడలి నడక రాసేదాన్ని

నాకు కళ్లు లేవు. గొంతుంది, చెవులున్నాయి. వెలుతురు అంతగా చేరని లోతున ఆ రెండింటితోనే నా కొలువు సాగుతుంది. నన్ను ఏడీసీపీ అంటారు; పూర్తిపేరు అకౌస్టిక్ డాప్లర్ కరెంట్ ప్రొఫైలర్. నీటిలోకి ధ్వనిని పంపి, తిరిగొచ్చిన ప్రతిధ్వనిని విని, సముద్రం ఏ దిక్కుకు ఎంత వేగంగా పారుతోందో పొరపొరగా చెప్పే యంత్రాన్ని.

విశాఖపట్నం ఎదుట, ఖండతీరపు వాలు మీద నా కాపురం. అక్కడ సముద్రం సుమారు 1000 మీటర్ల లోతు. అడుగున బరువైన ఇనుప దిమ్మ, దాని మీద ఒక విడుదల యంత్రం, అక్కడి నుంచి పైకి పొడవాటి తాడు, తాడు చివర బోయాలో బిగించిన నేను. బోయా పైకి లాగుతుంది, దిమ్మ కిందికి పట్టి ఉంచుతుంది. ఉపరితలానికి 150 మీటర్ల దరిదాపుల్లో ముఖం పైకి పెట్టుకుని నేను నిలబడతాను. గోవాలోని జాతీయ సముద్ర విజ్ఞాన సంస్థ దేశ తీరం పొడవునా ఇలాంటి యంత్రాలకు లంగరు వేయిస్తోంది. తూర్పు తీరంలో గోపాల్‌పూర్, కాకినాడ, కడలూరు ఎదుట కూడా మావాళ్లున్నారు.

మేం రాకముందు ఈ ప్రవాహాల సంగతి ఓడలే చెప్పేవి. బయలుదేరిన దిక్కునూ వేగాన్నీ బట్టి ఓడ ఎక్కడికి చేరాలో నావికుడు లెక్కగట్టేవాడు. నక్షత్రాలను చూసి నిజంగా ఎక్కడుందో తేల్చుకునేవాడు. రెండింటి మధ్య తేడాలో ప్రవాహం దొరికేది. 1950లలో అమెరికా శాస్త్రవేత్త యూజీన్ లాఫాండ్ ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వచ్చి, ఇక్కడి వారితో కలిసి విశాఖ సముద్రాన్ని అధ్యయనం చేశాడు. 1990లలో సతీశ్ షెట్యే బృందం ఓడల మీద తిరిగి, నీటి వేడినీ ఉప్పదనాన్నీ కొలిచి, తూర్పు తీర ప్రవాహం ఏ కాలంలో ఎలా ఉంటుందో గీసి చూపింది. అదంతా గొప్ప శ్రమ. కాకపోతే ఓడ ఉన్నన్నాళ్లే కొలత ఉంటుంది. ఓడ రేవుకు మళ్లాక సముద్రం ఏం చేసిందో రాసేవారుండరు. ఆ వెలితి తీర్చడానికే మమ్మల్ని ఒకేచోట నిలబెట్టారు.

నా పని తీరు చెబుతాను. కామారెడ్డి స్టేషన్‌లో ఆగకుండా దూసుకుపోయే రైలు దగ్గరికొచ్చేటప్పుడు దాని కూత సన్నగా, దాటిపోయాక బొంగురుగా వినిపిస్తుంది. ఆ మార్పు వెనకున్న సూత్రాన్ని క్రిస్టియన్ డాప్లర్ 1842లో చెప్పాడు. నేను నాలుగు వైపులకు ఏటవాలుగా ధ్వని పంపుతాను. సెకనుకు సుమారు లక్షన్నర కంపనాలున్న ఆ ధ్వని మనిషి చెవికి అందదు. నీటితోపాటు కొట్టుకుపోయే సన్నని జీవులకూ రేణువులకూ తగిలి అది వెనక్కి వస్తుంది. అవి నావైపు వస్తుంటే కంపనాలు పెరుగుతాయి, దూరమవుతుంటే తగ్గుతాయి. నా ధ్వని సాగే దారిలో సెకనుకు మీటరు వేగముంటే ఆ తేడా 200 కంపనాలు. నీటిలో ధ్వని సెకనుకు దాదాపు 1500 మీటర్లు పోతుంది కాబట్టి, ప్రతిధ్వని ఎంత ఆలస్యంగా వచ్చిందో చూసి అది ఏ లోతు నుంచి వచ్చిందో తెలుసుకుంటాను. లోపల దిక్సూచి ఉంది, నేను ఎంత వాలానో చెప్పే సాధనం ఉంది, గడియారం ఉంది. గంట గంటకూ అన్నీ రాసిపెట్టుకుంటాను.

నాకు ప్రతిధ్వనినిచ్చే ఆ సన్నజీవుల గురించి చెప్పకపోతే నా కథ పూర్తికాదు. చీకటి పడగానే అవి లోతుల్లోంచి మేతకోసం పైపొరల్లోకి ఎక్కుతాయి, తెల్లవారేలోపు మళ్లీ దిగిపోతాయి. వాటి గుంపు దగ్గరపడితే ప్రతిధ్వని గట్టిగా వస్తుంది. ప్రవాహాన్ని కొలవమని నన్ను పెట్టారు. ఏ పూట, ఏ కాలంలో, ఏ లోతున ప్రాణులు ఎక్కువగా ఉన్నాయో కూడా నా రాతల్లో దొరుకుతోంది. చేపలకు మేత అవే. కాబట్టి వలవేసే వారికీ ఆ సంగతి కావాలి.

ఇక కాలాల సంగతి. శివరాత్రి నాటికి ఒడ్డు వెంబడి నీరు ఈశాన్యానికి నడవడం మొదలుపెడుతుంది. ఉగాది రోజుల్లో, అంటే మార్చి, ఏప్రిల్ నెలల్లో, ఆ నడక ఏడాది మొత్తంలోకెల్లా బలంగా ఉంటుంది. నైరుతి ఋతుపవనాలు వచ్చాక తడబడుతుంది. తీరమంతా ఒక్కతీరుగా ఉండదు. దసరా దాటేసరికి నీరు దిక్కు మార్చుకుని నైరుతికి మళ్లుతుంది. దీపావళి వెళ్లి కార్తీకం నడుస్తుండగా దక్షిణపు పరుగు ఉధృతమవుతుంది. సెకనుకు మీటరు వేగం అందుకుందంటే, ఆ నీరు ఒక్కరోజులో 86 కిలోమీటర్లు పోతుంది. ఇది ఏటా కనిపించే పెద్ద నమూనా. దాని మీద వారాల తరబడి సాగే మార్పులుంటాయి, పెద్ద సుడులు ఎదురొస్తాయి. పైన ఉత్తరానికి పోతుండగానే కింద దక్షిణానికి పోయే రోజులూ ఉంటాయి. పొరపొరగా వినేదాన్ని కాబట్టి అది నాకు తెలుస్తుంది.

ఒకసారి నన్ను నీటిలోకి దింపేముందు ఓడ మీద ఒక అమ్మాయి నా గడియారాన్నీ బ్యాటరీలనూ సరిచూసింది. సముద్రశాస్త్రం చదువుకుని ప్రాజెక్టులో చేరిన పిల్ల. కామారెడ్డి జిల్లా గాంధారి వాళ్లది. ఒడ్డు ఇంకా దూరం కాలేదు, ఫోనుకు సిగ్నలుంది. అవతల తండ్రి అడుగుతున్నాడు.

"సముద్రంల గూడ నీళ్లు పారుతయా బిడ్డా?"

"పారుతయ్ నాయినా. అత్తమ్మోళ్ల ఊరికాడ నిజాంసాగర్ కాలువ ఎప్పుడు జూసినా ఒక్కదిక్కే పారుతది గదా. ఇది అట్ల గాదు. ఉగాదికి అటు, దీపావళికి ఇటు."

"మరి గేట్లు ఎవరు తిప్పుతరు?"

"గాలి తిప్పుతది. ఈడి గాలొక్కటే గాదు నాయినా, యాడనో నడి సముద్రంల కొట్టిన గాలి గూడ తిప్పుతది."

ఆ తండ్రి అడిగిన ప్రశ్ననే శాస్త్రవేత్తలు ఏళ్లపాటు అడుగుతూ వచ్చారు. తీరం మీద వీచే గాలే కారణమైతే, నైరుతి గాలులు జోరుగా ఉండే జూలై, ఆగస్టుల్లో ఉత్తరపు ప్రవాహం అన్నిటికంటే బలంగా ఉండాలి. అలా లేదు. 1996లో జూలియన్ మెక్రీరీ బృందం నాలుగు కారణాలను విడదీసి చూపింది. ఒకటి, ఒడ్డు వెంట వీచే గాలి. రెండు, బంగాళాఖాతం నడుమ గాలి నీటిని తోసే తీరు. మూడు, బంగాళాఖాతపు తూర్పు, ఉత్తర తీరాల మీది గాలి. నాలుగు, భూమధ్యరేఖ మీది గాలి. ఆ రేఖ దగ్గర పుట్టిన కెల్విన్ తరంగాలు తూర్పుగా పోయి సుమత్రాను తాకి, బర్మా, బంగ్లాదేశ్ తీరాల అంచునే చుట్టి మా ముందుకు వస్తాయి. భీమిలి ఎదుట నీటి దిక్కును తేల్చడంలో అంత దూరపు గాలికీ చేయి ఉంది.

గాంధారిలో పడిన వానకూ ఈ సముద్రంలో చోటుంది. అక్కడి మక్క చేల మీద కురిసి, వాగులు వంకలు దాటిన నీరు చివరికి గోదావరినే చేరాలి. ఎల్లారెడ్డి పక్కగా పారే మంజీరను 1931లో పూర్తయిన నిజాంసాగర్ ఆపి పొలాలకు మళ్లిస్తుంది; మిగిలింది కందకుర్తి దగ్గర గోదావరిలో కలుస్తుంది. వానకాలం ముగిసేనాటికి గంగ, బ్రహ్మపుత్ర, మహానది, గోదావరి తెచ్చిన మంచినీరు బంగాళాఖాతం పైపొరలో పరుచుకుంటుంది. దక్షిణపు ప్రవాహం మొదలవగానే ఆ నీరు ఒడ్డును ఆనుకుని దాదాపు 100 కిలోమీటర్ల వెడల్పున సాగిపోతుంది. దీన్ని పట్టిచ్చింది మత్స్యకారులే. తూర్పు తీరం పొడవునా 8 చోట్ల, 5 రోజులకోసారి సీసాల్లో సముద్రపు నీరు పట్టి ఇచ్చారు. ఆ ఉప్పదనం లెక్కలతో 2014లో వెలువడిన పరిశోధన దాన్ని సముద్రంలోని నది అంది. ఉత్తరాన మొదలైన మంచినీరు దేశపు దక్షిణపు కొసకు చేరడానికి రెండున్నర నెలలు పడుతుందని తేల్చింది. ఆ సీసాలు పట్టినవారు నాకు తోబుట్టువులు.

నాకు అందనివీ ఉన్నాయి. ఉపరితలం నుంచి వచ్చే పెద్ద ప్రతిధ్వనిలో నా వినికిడి మునిగిపోతుంది, అందుకే పైనున్న కొద్ది మీటర్ల సంగతి చెప్పలేను. ఆ పని మచిలీపట్నం, కాళీపట్నం తీరాల్లో నిలబెట్టిన రాడార్లు చేస్తాయి. దాదాపు 200 కిలోమీటర్ల దూరం వరకూ పైపొర ప్రవాహాన్ని అవి ఒడ్డునుంచే చూస్తాయి. ఇలాంటి సమాచారమంతా హైదరాబాద్ ప్రగతినగర్‌లోని ఇన్‌కాయిస్‌కు ఆధారం. 1999లో ఏర్పడిన ఆ సంస్థ సముద్రం ముందుముందు ఎలా ఉంటుందో లెక్కగట్టి చెబుతుంది. నడిసముద్రంలో పడవ తప్పిపోతే ఎటు కొట్టుకుపోయి ఉంటుందో అంచనా వేసే సరాట్ అనే విధానాన్ని 2016లో తెచ్చింది. వెతికేవాళ్లకు గంట గంటా విలువైన వేళ, నీటి దిక్కు తెలియడమంటే ఒక ఇంటికి మనిషి తిరిగి రావడం. చమురు ఒలికినా అంతే. అది ఏ ఒడ్డుకు చేరుతుందో ప్రవాహమే నిర్ణయిస్తుంది.

ఏడాదికి అటూ ఇటూగా ఓడ నా పైకి వస్తుంది. ఓడ మీది నుంచి ఒక ధ్వని సంకేతం పంపుతారు. అడుగునున్న విడుదల యంత్రం దాన్ని గుర్తుపట్టి ఇనుప దిమ్మను వదిలేస్తుంది. బోయాతోపాటు నేను పైకి తేలతాను. ఒంటికి అంటుకున్న సముద్రజీవులను గీకుతారు, రాసినదంతా దింపుకుంటారు, కొత్త బ్యాటరీలు వేసి మళ్లీ అక్కడికే దింపుతారు.

ఒక్క ఏడాది రాతతో ఋతువు తెలియదు. అది ఆ ఏటి సంగతి మాత్రమే. ఉగాది నాటి ప్రవాహం బలపడుతోందా, సన్నగిల్లుతోందా, వేడెక్కుతున్న సముద్రంలో దిక్కు మార్చుకునే వేళ ముందుకు జరుగుతోందా అన్నది దశాబ్దాల వరుస ఉంటేనే తేలుతుంది. ఆ వరుసలో ఒక ఏడాది తప్పితే, పోయిన నీటిని వెనక్కి పిలిచి కొలిచే యంత్రం ఎక్కడా లేదు. రేపు నేను పాతబడతాను. నా చోటు మాత్రం ఖాళీ కాకూడదు. ఓడకు ఇంధనం, మాకు మరమ్మతు, గాంధారిలాంటి ఊళ్ల నుంచి వచ్చే పిల్లలకు ఈ చదువు, ఇవి మూడూ ఏటా అందాలి. తీరం వెంట బతికే లక్షలమందికీ, సముద్రం పంపే వానతో పంట తీసే అందరికీ అది దక్కవలసిన హక్కని నేను నమ్ముతాను.