ఒక డ్రమ్ కిట్ ఫైలు పేరునకు టీకా తాత్పర్యములు

మూలము:
808_రేజ్_డిస్టార్టెడ్_సి_ఫైనల్_2.వేవ్

అవతారిక: డ్రమ్ కిట్ అనెడి ఫోల్డరునందు కిక్కులు, స్నేర్లు, క్లాపులు, హై-హ్యాట్లు అరలు అరలుగా నుండగా, బీటు కట్టబోవు శిష్యుడు వానినెల్ల దాటి మొదట ఈ ఫైలునే నొక్కును. కావున వ్యాఖ్య యవసరమైనది.

ప్రతిపదార్థము:

808 = జపానుదేశపు రోలాండ్ కంపెనీవారి టీఆర్-808 అను లయయంత్రమందలి బాస్ డ్రమ్. 1980లో వెలువడినది, అసలు డ్రమ్ముల వలె లేదను నింద మోసి 1983లో నిలిచిపోయినది. పిమ్మట సెకండ్ హ్యాండు ధరకు దొరకుటచే హిప్-హాప్ కుర్రవాండ్ర చేతబడెను. మీట త్రిప్పినకొలది సాగు దాని మ్రోతను హిప్-హాప్ శాఖయైన ట్రాప్‌వారు స్వరములుగా పలికించిరి. కనుక ఇచట 808 కొట్టునది కాదు, పాడునది. ఆ యంత్రమున శాంపిలు ఒక్కటియు లేదు, మ్రోత యంతయు సర్క్యూట్లలో పుట్టినదే. మనము వాడునది దాని శాంపిలు. అనగా నకిలీకి నకిలీ. ఇందు దోషము లేదు.

రేజ్ = ట్రాప్ సంతతి. 2020 చివర ప్లేబాయ్ కార్టి ఆల్బము ‘హోల్ లాటా రెడ్’, 2021లో ట్రిప్పీ రెడ్ పాట ‘మిస్ ద రేజ్’ వచ్చిన వెనుక ఈ పేరు స్థిరపడినదని పలువురి మతము.

డిస్టార్టెడ్ = పగులగొట్టబడిన. ఇచట పూర్వపక్షము: మ్రోత పగులకుండుటకే గదా సౌండ్ ఇంజనీర్లు పాట్లుపడుదురు, పగిలినదానిని డబ్బిచ్చి కొనుటేల? సమాధానము: నలుబది, యేబది హెర్ట్జుల మ్రోతను ఫోను స్పీకరు పలుకజాలదు. క్లిప్పింగు చేత అల కొన తెగగా పైన హార్మోనిక్కులు పుట్టును. వానిని విన్న చెవి, లేని క్రింది స్వరమును తానే కల్పించుకొనును. పగులుటచేతనే వినబడుచున్నదని భావము. అయితే కిట్ కర్త ముందే పగులగొట్టినదానిపై శిష్యుడు మరల సాఫ్ట్ క్లిప్పరు పెట్టుట చచ్చిన పామును కొట్టుటయే.

సి = శ్రుతి. దీనిని నమ్మరాదు, ట్యూనరుతో చూచుకొనవలెను. చూడనివారు పుట్టిన అపస్వరమును ‘డార్క్’ అని సమర్థించుకొందురు.

ఫైనల్ = ముగిసినది. 2 = ముగియలేదు. వేవ్ = స్పష్టము.

తాత్పర్యము: 140 బీపీఎం చుట్టుప్రక్కల నడకలో, మూడవ దెబ్బపై క్లాపు పడుచు, హై-హ్యాట్లు ముప్పదిరెండవ వంతులుగా, నడుమ తిశ్రములుగా దొర్లుచుండగా, ఈ 808 కిక్కుతో జతగూడి మ్రోయవలెను.

విశేషము: ఒక స్వరము ఆరకమునుపే వేరొకటి పడినచో రెండు బాసులు కలిసి బురదయగును. ఎఫ్ఎల్ స్టూడియో అను బీటు కట్టు సాఫ్టువేరులో ‘కట్ ఇట్‌సెల్ఫ్’ నొక్కుట దీనికి ప్రాయశ్చిత్తము. కిట్ కర్తలు డ్రమ్ములకు సాధారణముగా పాట రాబడిలో వాటా అడుగరు, మెలొడీ లూపులకు అడుగుదురు. వందల కిక్కులున్న కిట్లను ఈ వ్యాఖ్యాత మెచ్చడు. బీటునకు పట్టునది ఒక్క కిక్కే.

పాఠాంతరము: వేరొక ప్రతిలో ‘ఫైనల్_3’ అని కలదు. రెంటిని వినగా మ్రోత ఒకటే, ‘ఫైనల్_3’ కొంచెము బిగ్గరగా నున్నది.