నేను ఉహురుని

నా పేరు ఉహురు. ఎక్స్-కిరణాలతో ఆకాశాన్ని చూడటానికే పుట్టిన తొలి ఉపగ్రహాన్ని. నా కథ చెప్పుకుంటే నన్ను కన్న శాస్త్రవేత్త రికార్డో జియాకోని కథ కూడా చెప్పినట్టే.

ఆయన ఇటలీలోని జెనోవాలో 1931లో పుట్టి, అమెరికా చేరిన భౌతిక శాస్త్రవేత్త. నక్షత్రాల నుంచి వచ్చే ఎక్స్-కిరణాలు నేలకు చేరవు. దారిలోనే గాలి వాటిని మింగేస్తుంది. ప్రాణికోటికి అది రక్ష, పరిశోధకులకు మాత్రం అడ్డుగోడ. 1962 జూన్ 18న ఆయన బృందం న్యూమెక్సికోలోని వైట్ శాండ్స్ నుంచి ఒక చిన్న రాకెట్‌ను ఆ గోడ పైకి పంపింది. అది చూడగలిగింది కొన్ని నిమిషాలే. అంతలోనే వృశ్చిక రాశిలో, సౌరమండలానికి ఆవల, తొలి ఎక్స్-కిరణాల మూలం బయటపడింది. నిమిషాలకే ఇంత దొరికితే, ఏళ్ళ తరబడి చూస్తే ఎంత దొరకాలి? నేను ఆ ప్రశ్నలోంచే పుట్టాను.

నా తయారీ గురించి రెండు మాటలు చాలు. వీపులు ఆనించుకున్న రెండు వాయుపెట్టెలే నా కళ్ళు. ఎక్స్-కిరణం లోపలికి దూరితే వాయువులోంచి ఎలక్ట్రాన్లు ఊడి, విద్యుత్తు కదులుతుంది. ఆ కదలిక బలాన్ని బట్టి కిరణం శక్తి ఎంతో చెప్పగలను. బొమ్మ మాత్రం తీయలేను. ఓరగా వేసిన తలుపు సందులోంచి వీధిని చూసినట్టు ఉండేది నా చూపు. అందుకే మెల్లగా తిరుగుతూ ఆకాశాన్ని ముక్కముక్కగా తడుముకుంటూ పోయాను.

1970 డిసెంబరు 12న కెన్యా తీరానికి ఆవల, సముద్రంలో ఇటలీవాళ్ళు నిలిపిన శాన్ మార్కో వేదిక నుంచి ఎగిరాను. ఆ రోజు కెన్యా స్వాతంత్ర్య దినోత్సవం. నా ప్రాజెక్టును నడిపిన నాసా ఇంజినీరు మార్జరీ టౌన్‌సెండ్ ఆ దేశం మీది గౌరవంతో స్వాహిలీ భాషలో నాకు స్వేచ్ఛ అని పేరు పెట్టారు.

నాకు గర్వంగా గుర్తుండిపోయిన పనులు రెండు. సెంటారస్ ఎక్స్-3 అనే మూలం 4.8 సెకన్లకోసారి మెరిసేది. రెండు రోజులకోసారి దాదాపు 12 గంటలు మాయమయ్యేది. అప్పుడది తన జంట నక్షత్రం చాటుకు పోతోందన్నమాట. ఆ జంట నుంచి జారే వాయువు, ఆ మూలమైన న్యూట్రాన్ తార మీద పడుతూ, కోట్ల డిగ్రీలకు వేడెక్కి, ఎక్స్-కిరణాలు చిమ్ముతోంది. పదార్థం ఊరికే కింద పడటంలో అంత శక్తి దాగి ఉందని నా కొలతలు చూపాయి.

రెండోది హంస నక్షత్రమండలంలోని సిగ్నస్ ఎక్స్-1. దాని వెలుగు సెకనులో కొద్ది వంతులోనే ఎగసి పడిపోయేది. ఏ వస్తువైనా, తన గుండా కాంతి దాటిపోయే వ్యవధి కంటే తొందరగా మొత్తంగా మారలేదు. సెకనులో పదో వంతులో కాంతి పోయేది 30,000 కిలోమీటర్లు. సూర్యుడి అడ్డుకొలతేమో 14 లక్షల కిలోమీటర్లు! అంటే నేను చూస్తున్నది చాలా చిన్నది. 1971లో దాని తీరు మారింది. ఆ రోజుల్లోనే రేడియో దుర్భిణులకు అక్కడొక కొత్త మూలం కనిపించి, కచ్చితమైన చోటు తెలిసింది. అక్కడున్నది ఒక నీలి మహాతార. అది 5.6 రోజులకోసారి కంటికి కనబడని తోడుతో కలిసి తిరుగుతోందని బ్రిటన్‌లో లూయీస్ వెబ్‌స్టర్, పాల్ మర్డిన్, కెనడాలో టామ్ బోల్టన్ గుర్తించారు. ఆ తోడు బరువు న్యూట్రాన్ తార మోయగల హద్దు దాటింది. అంతదాకా కాగితం మీది లెక్కగా ఉన్న కృష్ణబిలానికి ఆకాశంలో ఒక చిరునామా దొరికింది.

నా కష్టాలు తలచుకుంటే ఇప్పటికీ బాధే. నా టేప్ రికార్డర్ పాడైంది. భూకేంద్రాలు అందుబాటులో ఉన్నప్పుడు చూసిందే పంపగలిగాను, మిగతా చూపంతా వృథా. బాగుచేయడానికి పైకి వచ్చేవాళ్ళెవరు? స్పేస్ షటిల్ ఇంకా ఎగరలేదు. 1973 మార్చితో నా పని ముగిసింది. అయినా పడిపోలేదు. ఆరేళ్ళు అలాగే తిరిగాను, రోజుకు దాదాపు 15 సార్లు, భూమధ్యరేఖ వెంట. నన్ను సాగనంపిన కెన్యా తీరం మీదుగా ఎన్నిసార్లు వెళ్ళానో! పిలిచేవారు లేరు. నేను చూసినదాని గురించి మాత్రం కింద మాటలు ఆగలేదు. సిగ్నస్ ఎక్స్-1 కృష్ణబిలమా కాదా అని 1974లో భౌతిక శాస్త్రవేత్తలు స్టీఫెన్ హాకింగ్, కిప్ థోర్న్ పందెం కాశారు. మళ్ళీ చూసి సాక్ష్యం చెప్పే శక్తి నాకు లేకపోయింది. 1990లో హాకింగ్ ఓటమి ఒప్పుకునే నాటికి నేనే లేను.

1978 నవంబరులో నా తమ్ముడు ఐన్‌స్టైన్ అబ్జర్వేటరీ పైకి వచ్చాడు. అద్దాలతో ఎక్స్-కిరణాల బొమ్మలు తీయగలవాడు. వాడి వెనకా జియాకోనీయే. కొన్ని నెలలు ఇద్దరం భూమి చుట్టూ తిరిగాం. అందరూ వాడి మాట వింటుంటే నేను మూగగా తిరిగాను. అసూయ కలిగింది. ఎక్కడెక్కడ చూడాలో వాడికి ముందుగా తెలిపినవాటిలో నా జాబితా ఉందన్నదే నా ఊరట. 1979 ఏప్రిల్ 5న వాతావరణంలోకి జారిపోయాను. ఎక్స్-కిరణాలను మింగే ఆ గాలే నన్నూ మింగేసింది.

జియాకోనికి 2002లో నోబెల్ బహుమతి వచ్చింది. 2018లో ఆయనా వెళ్ళిపోయారు. నేను గుర్తించిన 339 మూలాల జాబితా మాత్రం నేటికీ వాడుకలో ఉంది. వాటి పేర్ల ముందు రాసే 4యూ అంటే ఉహురు నాలుగో జాబితా అని. 2015లో మీ శ్రీహరికోట నుంచి ఎగిరిన ఆస్ట్రోశాట్ కూడా 4యూ 1636-536 అనే మూలాన్ని పరిశీలించింది.

అందుకే పరిశోధనలోకి వచ్చే పిల్లలకు నాదొక్క విన్నపం. పాత యంత్రాన్ని పక్కన పెట్టండి, తప్పదు. దాని కొలతలను మాత్రం పారేయకండి. ఈ మూలాల వెలుగు ఏటేటా మారుతుంటుంది. 1971లో అవెలా ఉన్నాయో ఎంత గొప్ప కొత్త దుర్భిణి అయినా ఇప్పుడు కొలవలేదు. ఆ లెక్క కావాలంటే నా రికార్డులే తెరవాలి.