ఆషాఢంలో తీసే సినిమా

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో కనిపించే స్వతంత్ర డాక్యుమెంటరీ దర్శకుడికి సాధారణంగా ముప్పయ్యేళ్లు దాటి ఉంటాయి. గడ్డం, గుడ్డసంచి, అన్నగారు కొనిపెట్టిన కెమెరా అతని ఆస్తి. ఇంజినీరింగు పట్టా కూడా ఉంటుంది గాని, ఆ ప్రస్తావన తేవడం మర్యాద కాదు. నగర యువత ఉపసంస్కృతులు అతని విషయం. అందుకు ముందు నగరం కావాలి గనుక శ్రీకాకుళం ఏడు రోడ్ల జంక్షన్నీ, విజయనగరం మూడు లాంతర్ల సెంటర్నీ చీకటి పడ్డాకే తీస్తాడు. పగలైతే ఫ్రేములోకి ఆవులు వస్తాయి.

జీవనాధారం పెళ్లి వీడియోలు. ముహూర్తాలున్నన్నాళ్లూ తలంబ్రాలు, డ్రోన్ షాట్లు. ఆషాఢం రాగానే కళ. అందుచేత అతని సినిమాల్లో ఎప్పుడూ వాన పడుతూనే ఉంటుంది. ఆ వానలో యువతరపు అంతర్వేదన చూసిన విమర్శకులున్నారు. మూఢం కూడా కలిసొచ్చిన ఏడాది సినిమా నిడివి గంటన్నర దాటుతుంది.

అతను వెతికేవి ర్యాప్ పాట, గోడల మీద గ్రాఫిటీ, స్కేట్‌బోర్డు. గోడలన్నీ కోచింగ్ సెంటర్ల ప్రకటనలతో నిండిపోయాయి. రోడ్డు మీద చక్రాల బండే కష్టంగా దొర్లుతుంటే స్కేట్‌బోర్డు సంగతి చెప్పేదేముంది! ఉన్నవి వేరే. తెల్లవారకముందే శ్రీకాకుళం మైదానాల్లో పోలీసు, సైన్యం ఉద్యోగాల కోసం 1600 మీటర్ల పరుగు సాధన చేసే కుర్రాళ్లున్నారు. వాళ్లకు వాళ్ల బూట్లు, వాళ్ల పరిభాష, ఫెయిలైనవాడిని ఓదార్చే వాళ్ల పద్ధతి ఉన్నాయి. నెల్లిమర్ల దగ్గర కొండవెలగాడలో ఇంటింటా బరువులెత్తేవాళ్లున్నారు. ఈ ప్రాంతపు ఆడపిల్ల కరణం మల్లీశ్వరి 2000లో సిడ్నీ ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చింది. ఇంతకు మించిన ఉపసంస్కృతి ఎక్కడుంటుంది? కాని దర్శకుడు లేచేసరికి తొమ్మిదవుతుంది. అప్పటికి పరుగు అయిపోయి కుర్రాళ్లు ఇడ్లీల దగ్గరుంటారు. అదీగాక ఉద్యోగం కోసం పరుగెత్తడం తిరుగుబాటు కిందికి రాదని అతని అభిప్రాయం.

కెమెరా ఉన్నట్టే తెలియకూడదన్నది సిద్ధాంతం. దీనిపై గంటసేపు మాట్లాడగలడు. ‘కన్యాశుల్కం’ గిరీశం పుట్టిన విజయనగరంలో ఉపన్యాసానికి కొరత లేదు. ఆచరణలో మాత్రం ఫ్లాహర్టీ శిష్యుడు. 1922 నాటి ‘నానూక్’ డాక్యుమెంటరీ కోసం ఆ మహానుభావుడు తుపాకులున్న వేటగాళ్ల చేత ఈటెలు పట్టించాడు. ఇతను గంటస్తంభం దగ్గరి కుర్రాళ్ల చేత ఫోన్లు జేబుల్లో పెట్టించి, శూన్యంలోకి చూడమంటాడు. వాళ్లు ఓపికున్నంతసేపు చూసి, తర్వాత దర్శకత్వం తామే తీసుకుంటారు.

“అన్నా, కెమెరా అడ్డంగా ఎట్టినావేటి? నిలువుగా ఎట్టు. అడ్డంగా ఉంటే ఎవులు సూస్తారు?”

అభిమాన సంఘం వాళ్లయితే తమ ఫ్లెక్సీ ఫ్రేములో పూర్తిగా పడిందో లేదో చూసుకుంటారు. అందులో ఉన్న ముప్పై పాస్‌పోర్టు ఫొటోల్లో ఏ ఒక్కటి తెగినా ఇంటర్వ్యూ రద్దు.

ప్రదర్శన రోజున ముందు వరసలో బంధువులు, వెనక సినిమాలో ఉన్న కుర్రాళ్లు కూర్చుంటారు. పాటల్లేవు, ఫైటింగుల్లేవని పెద్దవాళ్లు మెల్లగా లేస్తారు. కుర్రాళ్లు మాత్రం తాము కనిపించిన చోట తెరను ఫోన్లో తీసి, డీజే పాట తగిలించి, ముప్పై సెకన్ల రీలుగా వదులుతారు. మర్నాటికి దాన్ని వేలమంది చూస్తారు. నిలువు చట్రంలో దర్శకుడి పేరు అంచున తెగిపోయి ఉంటుంది. ఇది కళకు ద్రోహమని అతను గట్టిగానే ఖండిస్తాడు. తర్వాత ఫిల్మోత్సవాల దరఖాస్తుల్లో ‘ఇప్పటివరకు చూసిన ప్రేక్షకులు’ అనే గడిలో ఆ రీలు లెక్కే వేస్తాడు.